నక్క నవ్వు

“అది నవ్వులా లేదురా ఓటిస్. పన్ను నొప్పిలా ఉంది,” అన్నాడు డైరెక్టరు మెర్విన్.

ఓటిస్ బల్లకు బిగించిన అద్దంలోకి చూస్తూ మళ్లీ పెదాలు సాగదీశాడు. కార్టూన్ బొమ్మలు గీసే ప్రతివాడి బల్ల మీదా అలాంటి అద్దం ఒకటి ఉంటుంది. బొమ్మ ఏడవాలంటే ముందు గీసేవాడు ఏడ్చి చూసుకోవాలి.

సీను చిన్నదే. నక్క తోక ఉచ్చులో పడింది. పక్కనే కాపలా కుక్క ఒక కన్ను తెరిచింది. అరిస్తే నక్క పని సరి. అందుకని ప్రాణం పోతున్నా ఏమీ జరగనట్టు కుక్క వంక చూసి నవ్వాలి. సాయంత్రానికల్లా అది కెమెరా గదికి చేరకపోతే మెర్విన్‌కు యజమాని చేతిలో చీవాట్లు తప్పవు. కుర్రాళ్లంతా యుద్ధానికి పోయాక అలాంటి నవ్వు గీయగలవాడు స్టూడియోలో ఓటిస్ ఒక్కడే మిగిలాడు. ఆ ఒక్కడూ మధ్యాహ్నం నుంచి అద్దం వదలడం లేదు. మెర్విన్‌కు ఒళ్లు మండిపోతోంది.

“పొద్దున బాగానే ఉన్నావుగా. గేటు దగ్గరికి ఎవరో వచ్చారట?”

“పక్కింటాయన.”

“ఆయనేమన్నా నీ నవ్వు పట్టుకుపోయాడా?”

చుట్టూ ఉన్నవాళ్లు కిసుక్కుమన్నారు.

“త్వరగా తెముల్చరా. మీ ఆవిడ ఆసుపత్రి నుంచి ఇవాళేగా ఇంటికొచ్చింది? గుండెజబ్బు మనిషి, ఎదురుచూస్తుంటుంది. ఈ కార్టూన్ సినిమా యుద్ధనౌకల మీద నావికులకు కూడా వేస్తారట. నౌక మీదున్న మీ అబ్బాయీ చూసి నవ్వుకుంటాడు.”

ఓటిస్ కళ్లలో నీళ్లు గిర్రున తిరిగాయి. ఆ నీళ్లతోనే పెదాలు మెల్లగా విచ్చుకున్నాయి.

“అదీ నవ్వంటే. ఒరేయ్, అందరూ రండిరా, చూడండి.”

బల్ల చుట్టూ జనం మూగారు. ఓటిస్ మళ్లీ నవ్వాడు. ఒకడు కడుపు పట్టుకుని కూలబడ్డాడు. మెర్విన్‌కు నవ్వీ నవ్వీ కళ్లు తుడుచుకోవాల్సి వచ్చింది. ఇన్నేళ్ల స్నేహంలో వీడింత బాగా నటించగా ఎప్పుడూ చూడలేదనుకున్నాడు.

“కాగితాలిలా ఇవ్వు. నేనే పట్టుకెళ్తా.”

బల్ల మీది కాగితాలన్నీ తెల్లగా ఉన్నాయి.

“ఇదేంట్రా, ఒక్క గీతా గీయలేదు? మరి ఇంతసేపూ ఏం చేస్తున్నట్టు?”

ఓటిస్ లేచి కోటు తొడుక్కున్నాడు.

“ఇంటికెళ్లాలి కదా,” అన్నాడు.

“అయితే?”

“మావాడు పోయాడని వాళ్లమ్మకి ఇంకా తెలీదురా.”