ఇసుక తగిలింది

బంతికీ హోల్‌కీ మధ్య మూరెడు దూరం. పసిపిల్లాడు తోసినా పడుతుంది. పడితే అందరికన్నా ఒక్క దెబ్బ, అంటే ఒక్క స్ట్రోకు తక్కువతో కప్పు ఆయనదే.

ఇరవై ఏళ్ళుగా గోల్ఫే ఆయన బతుకు. చిన్నాపెద్దా పోటీలు చాలానే గెలిచాడు గానీ, ఈ కప్పు మాత్రం ప్రతిసారీ అందినట్టే అంది జారిపోయింది. ఇప్పుడు గెలిస్తే ఇంకో అయిదేళ్ళు పెద్ద పోటీలన్నిటిలో చోటు ఖాయం. గెలవకపోతే ఇదే ఆఖరి ఏడాది. ఆ సంగతి మైదానంలో అందరికీ తెలుసు. అందుకే ఎవరూ దగ్గడం కూడా లేదు.

పక్కన కర్రల సంచి మోస్తూ నిలబడింది ఆయన భార్యే. ఇలా సంచి మోసే కేడీలు అవసరమైతే తప్ప నోరు విప్పరు. ఈవిడ నోరు మూస్తే ఒట్టు. "పొద్దున కూరలో ఉప్పెక్కువైందని నామీద ఎగిరారుగా, ఆ కోపం ఇక్కడ చూపించండి" అంటుంది. ఆయన నవ్వుకుంటూ కొడతాడు. ఈసారి ఆవిడా మాట్లాడలేదు.

ఆయన బంతి ముందు నిలబడ్డాడు. వెనక్కి జరిగాడు. మళ్ళీ నిలబడ్డాడు. మళ్ళీ జరిగాడు. టోపీ తీసి మొహం తుడుచుకున్నాడు. తర్వాత రిఫరీని పిలిచాడు.

"సార్, ఇందాక బంకర్‌లో నా కర్ర ఇసుకకి తగిలింది. బంతిని కొట్టకముందే."

జనంలో కలకలం రేగింది.

బంకర్ అంటే ఇసుక గుంత. అందులో పడ్డ బంతిని కొట్టేముందు కర్ర దాని వెనక ఇసుకని తాకకూడదు. తాకితే జరిమానాగా రెండు స్ట్రోకులు లెక్కలో కలుస్తాయి. ఆయన ఇందాక బంతిని బయటికి లేపింది ఆ గుంతలోంచే. లోతైన గుంత. బయటున్నవాళ్ళకి ఆయన టోపీ తప్ప ఏమీ కనిపించలేదు. అలాంటప్పుడు ఆటగాడు తనమీద తనే ఫిర్యాదు చేసుకోవాలి. ఈ ఆటలో దొంగా పోలీసూ ఒక్కడే మరి.

"ఇంకోసారి గుర్తు చేసుకోండి. తొందరేం లేదు" అన్నాడు రిఫరీ.

"గుర్తు చేసుకునే చెప్తున్నాను."

రిఫరీ ఆవిడ వైపు తిరిగాడు. "మీరు గుంత పక్కనే ఉన్నారు కదమ్మా. చూశారా?"

ఆవిడ భర్త మొహంలోకి చూసింది.

"చూశాను. తగిలింది. తర్వాత ఇసుక చదును చేసింది కూడా నేనే" అంది.

అంతే. ఇరవై ఏళ్ళ ఆశ అక్కడితో సరి. ఆయన బంతిని అలా తోసేశాడు. అది హోల్ అంచున తిరిగి పక్కకి పోయింది. మళ్ళీ తోశాడు. ఎవరు చూశారు గనక! అప్పటికే జనమంతా లేచి నిలబడి చప్పట్లు కొడుతున్నారు. అంతదాకా రెండో స్థానంలో ఉండి గెలిచిన యువకుడు పరుగెత్తుకొచ్చి ఆయన్ని వాటేసుకున్నాడు.

"ఇలా గెలవడం నాకిష్టం లేదన్నా" అని ఏడ్చేశాడు.

"ఊరుకో. నీకింకా బోలెడు ఆట ఉంది" అని వీపు తట్టాడు ఆయన.

ఇంటికి వెళ్తుంటే కారు ఆవిడే నడిపింది. దారి పొడుగునా ఆయన ఫోన్ మోగుతూనే ఉంది. మనిషంటే మీరేనని ఒకరు, మా పిల్లలకి మీ పేరు చెప్పి పెంచుతామని ఇంకొకరు. ఆయన కాసేపు విని ఫోన్ కట్టేశాడు.

"ఇక ఆడను" అన్నాడు.

"సరే" అంది ఆవిడ.

కొత్తిమీర కట్ట చిన్నదిగా ఉందని కూరగాయలవాడితో గంటసేపు వాదించే మనిషి. ఇంత పెద్ద మాటకి ఉత్త 'సరే' అనేసరికి ఆయన తల తిప్పి ఆవిడ వైపు చూశాడు.

ఇంటికి వచ్చాక ఆవిడ వరండాలో కూర్చుని కర్రలన్నీ తడిగుడ్డతో తుడిచింది. రేపు ఆట లేదు. ఎల్లుండీ లేదు. అయినా తుడిచి వరసగా సంచిలో సర్దింది. మధ్యలో రెండుసార్లు కొంగుతో కళ్ళొత్తుకుంది. ఆయన గుమ్మంలో నిలబడి చూస్తున్నాడు.

"తిట్టవేం?" అన్నాడు. "ఎండనకా వాననకా ఈ సంచి మోశావు. నీ కష్టమంతా బూడిదపాలు చేశాను. నాలుగు తిట్టు, నీకూ నాకూ తేలికవుతుంది."

"లోకమంతా పొగుడుతోందిగా. నా తిట్లెందుకు?"

"నువ్వు పొగడలేదుగా."

ఆవిడ సంచి గోడకి ఆనించింది. ఆయన్ని పక్కన కూర్చోబెట్టుకుంది. ఆయన రెండు చేతులూ తీసుకుని తన ఒళ్ళో పెట్టుకుని, పైనుంచి గట్టిగా పట్టుకుంది.

"కర్ర ఇసుకకి తగల్లేదని నాకు తెలుసు గానీ, ఈ చేతులు ఎన్నాళ్ళ నుంచి ఇలా వణుకుతున్నాయో ముందది చెప్పండి."