వడ్రంగి సిద్ధాంతం

"రెండో పేజీ, పదిహేడో వరస," అని చదివింది కొత్త లెక్చరర్. టీ తాగుతున్న వాళ్లంతా పకపకా నవ్వారు.

ఆ లెక్కల విభాగంలో అదో సరదా. పెద్ద పెద్ద లెక్కలు సాధించేశామంటూ ఎవరెవరో కవర్లు పంపుతుంటారు. జవాబుగా ఒక అచ్చు కార్డు వెళ్తుంది. 'మీ రుజువులో మొదటి తప్పు ఫలానా పేజీ, ఫలానా వరసలో ఉంది.' ఖాళీలు పూరించి సంతకం పెట్టడమే. అయితే పోస్టు చేసేముందు కార్డును టీ బల్ల దగ్గర పైకి చదవాలి. లెక్కలవాళ్లకు అంతకంటే వినోదం ఎక్కడ దొరుకుతుంది? ఈ ఆచారం పెట్టింది హెడ్ గారే. అందరికంటే గట్టిగా నవ్వేదీ ఆయనే.

ఆ రోజు మాత్రం ఆయన నవ్వలేదు.

కవరు పంపింది వెనక వీధిలో దుకాణం ఉన్న ఒక వడ్రంగి. లోపల శుభ్రంగా టైపు చేసిన కాగితాలు. తలపెట్టిందేమో ఆషామాషీ లెక్క కాదు. ఒక వంకర పలక ఉంది. అలాంటివి ఎన్ని పరిచినా నేల మీద ఎక్కడో ఒకచోట సందు మిగిలి తీరుతుందని అందరి నమ్మకం. కంప్యూటర్లు కోటి రకాలుగా పరిచి చూశాయి. ప్రతిసారీ సందు మిగిలింది. అయినా అది సిద్ధాంతం కాలేదు. కోటిసార్లు నిజమైతే చాలదు, కోటిన్నొకటోసారి కూడా ఎందుకు తప్పదో చూపించాలి. హెడ్ గారు ఇరవై ఏళ్లుగా దాంతోనే కుస్తీ పడుతున్నారు.

"ఇంతకీ ఆ పదిహేడో వరసలో ఏముందట?" ముభావంగా అడిగారాయన.

"'ఇది స్పష్టమే' అని రాశాడు సార్. స్పష్టమే అన్నచోటే కదా అందరూ జారిపడేది!"

మళ్లీ నవ్వులు. హెడ్ గారికి టీ పొలమారింది.

"కోడిగుడ్డుకు ఈకలు పీకుతున్నావమ్మా. ఇంకోసారి చూడరాదూ?"

"ఎన్నిసార్లు చూసినా తప్పు తప్పే సార్."

వడ్రంగి వదల్లేదు. నెల తిరిగేసరికి ఆ వరస సరిచేసి పంపాడు. ఈసారి తప్పు ఐదో పేజీలో దొరికింది. ఆపై నెల పదకొండో పేజీలో. ఎనిమిది నెలల్లో ఎనిమిది కవర్లు వచ్చాయి, ఎనిమిది కార్డులు వెళ్లాయి. తప్పు చివరి పేజీల వైపు జరుగుతూ పోయింది. టీ బల్ల దగ్గర నవ్వులు పలచబడ్డాయి.

తొమ్మిదో కవరు 'సందు మిగల్లేదనే అనుకుందాం' అని మొదలైంది. అలా అనుకుని ఒక్కో మెట్టూ దిగుతూ పోతే, చివరికి ఒక పలకకు లేని మూల ఉండి తీరాల్సి వచ్చింది. లేని మూల ఎలా ఉంటుంది? కాబట్టి మొదట అనుకున్నదే తప్పు, సందు మిగలాల్సిందే. ఆమె మూడు వారాలపాటు ప్రతి వరసనూ 'ఎందుకు?' అని నిలదీసింది. ప్రతి వరసా జవాబు చెప్పింది.

ఒక్క పరుగున హెడ్ గారి గదిలోకి వెళ్లింది.

"సార్, తప్పు లేదు! ఒక్కటంటే ఒక్కటి కూడా లేదు!"

హెడ్ గారు చిన్నపిల్లాడిలా కుర్చీలోంచి ఎగిరి లేచారు. కళ్లజోడు కింద పడింది. కళ్లల్లో నీళ్లు తిరిగాయి. మరుక్షణం కూలబడిపోయారు. ఇరవై ఏళ్ల కష్టం వడ్రంగి పాలైందని కుమిలిపోతున్నారనుకుంది ఆమె. పాపం, జాలేసింది.

ఆ జాలి సాయంత్రం దాకా కూడా నిలవలేదు.

"చూడమ్మా," అన్నారాయన పిలిపించి. "సిద్ధాంతానికి రుజువు చేసినవాడి పేరే పెడతారు. వెయ్యేళ్లయినా అదే పేరు. ఆ వడ్రంగికి పేరుతో ఏం పని? నా పేరు పెడితే..." నీళ్లు నమిలారు.

ఆమెకు ఒళ్లు మండిపోయింది. తనది ఏడాది కాంట్రాక్టు. ఉద్యోగం పర్మనెంటు కావాలంటే ఈయన సంతకమే దిక్కు. అయినా నోరు ఆగలేదు.

"ఒకరి కష్టం కాజేస్తారా సార్? సిగ్గుగా లేదూ?"

"అది కాదమ్మా, అసలు సంగతేమిటంటే..."

"నాకేం చెప్పొద్దు! కవర్ల మీద పోస్టాఫీసు ముద్రలున్నాయి, పంపినవాడి పేరుంది. అన్నీ పట్టుకుని పేపరాఫీసుకు పోతాను. ఉద్యోగం పోతే పోనీండి."

హెడ్ గారు బల్ల మీది అచ్చు కార్డుల కట్ట వంక చూసి, దాన్ని సొరుగులోకి తోసేశారు.

మర్నాడే ఆమె వడ్రంగి దుకాణానికి వెళ్లింది. అతను తలుపు చెక్కకు చిత్రిక పడుతున్నాడు.

"ఇంత గొప్ప ఆలోచన మీకెలా వచ్చింది బాబాయ్?"

"నన్నడక్కమ్మా. నాకలాంటివి చెప్పడం రాదు," అని తల ఎత్తకుండా పని చేసుకోసాగాడు.

ఎంత వినయమో అని ఆమె మురిసిపోయింది.

వడ్రంగికి సన్మాన సభ రోజు హాలు కిటకిటలాడింది. తెర మీద పెద్ద అక్షరాలతో 'వడ్రంగి సిద్ధాంతం' అని వేశారు. ఉతికిన చొక్కాలో వడ్రంగి బిక్కుబిక్కుమంటూ నిలబడ్డాడు. పతకం హెడ్ గారి చేతుల మీదుగానే ఇప్పించాలని ఆమె పంతం పట్టి మరీ సాధించింది. ఆయన దాన్ని వడ్రంగి మెడలో వేశారు. చప్పట్లు ఎంతకీ ఆగలేదు. ఆగాక వడ్రంగి, పక్కన మైకు ఉందని చూసుకోకుండా, హెడ్ గారి చెవి దగ్గరికి వంగాడు.

"సార్, మీరిచ్చిన తొమ్మిది కవర్లూ మీరు చెప్పినట్టే నా పేరు రాసి, ఎవరికీ చెప్పకుండా పోస్టు చేశాను కదా, మరి ఈ పతకం నేనుంచుకోవాలా, మీ ఇంటికి తెచ్చివ్వాలా?"