జర్మనీ ఇచ్చిన తెలంగాణ

మద్రాసులోని జర్మనీ కాన్సులేట్ నుంచి వచ్చిన వీసా కాయితాన్ని నర్సు సాయమ్మ దిల్‌సుఖ్‌నగర్ రోడ్డు మీదే విప్పింది. రెండో వరుస చదివి కేక పెట్టింది.

"పుట్టిన రాష్ట్రం: తెలంగాణ! కింద ముద్ర గూడ ఏసిండ్రు!"

ప్రత్యేక తెలంగాణ ఊరేగింపుకు గుమిగూడిన జనం ఆమెను రిక్షా ఎక్కించారు. డప్పులు మోగాయి. చదువు రానివాళ్లు కూడా ఆ ముద్రను కళ్లకద్దుకున్నారు.

"ఢిల్లీ ఇయ్యకుంటే ఏంది, జర్మనీ ఇచ్చె!" అని ఒక ముసలాయన రోడ్డు మధ్యలో గంతులేశాడు.

మూసారాంబాగ్‌లో టైపు ఇన్‌స్టిట్యూట్ కనబడగానే "ఆంధ్రా గో బ్యాక్!" అని అరుపులు. రెండు నెలల కింద రాళ్లదెబ్బకు పగిలిన బోర్డు ఇంకా అట్లాగే వేలాడుతోంది. కాకినాడ నుంచి వచ్చిన టైపు మాస్టారు గవర్రాజు తలుపు సగం తెరిచి చూశాడు.

సాయమ్మ రిక్షా ఆపించింది. డప్పులు ఆగాయి.

"సారూ, నా ఫారం టైపు చేసింది మీరే గదా. రాష్ట్రం పేరు నేను చెప్పనే లేదు. గిదెట్ల వచ్చింది?"

"అడిగితే మీరు అదే చెబుతారు కదండీ. అందుకే అడగలేదు."

"ఎప్పుడు చేసిండ్రు?"

గవర్రాజు తలెత్తి బోర్డు వైపు చూశాడు. "అది పగిలిన మర్నాడేనండి."

సాయమ్మ రిక్షా సీటు మీద ఓ పక్కకు జరిగింది.

"డప్పు కొట్టుండ్రి," అంది. "సారు ఎక్కుతుండు."