కొంగుముడిలో గాలి

మిరప గోదాములో పనిచేసే మగవాళ్లు విషం పీలుస్తున్నారనీ, వాళ్ల పక్కనే కూర్చున్న ఆడవాళ్లు మాత్రం కొండగాలి పీలుస్తున్నారనీ యంత్రాలు చెబుతున్నాయి. గాలిని కొలవడానికి సర్కారు మగవాళ్లకు చొక్కా గుండీలు, ఆడవాళ్లకు ముక్కుపుడకలు పంచి ఏళ్లయింది. అవి ఎర్రబడితే చాలు, వైద్యబండి వచ్చి వాలుతుంది. ఈ గోదాములో ఆడవాళ్ల కోసం అది ఒక్కసారీ రాలేదు.

సంగతేమిటో చూద్దామని పరిశోధకురాలు హైమవతి గుంటూరు వచ్చింది. కాయలకు తొడిమలు తీస్తున్న సైదమ్మ దగ్గుతూనే ఉంది. ఆమె ముక్కుకు పుడక లేదు.

"కారం పడితే ముక్కుబెజ్జం మండుద్దమ్మా," అంటూ సైదమ్మ కొంగుముడి తడిమి చూపించింది. "పని దిగేదాకా అందరం పుడక తీసి ఇట్టా ముడేసుకుంటాం."

ఆడవాళ్లకు ముచ్చటగా ఉంటుందని దాన్ని నగలా చేసినవాళ్లెవరూ మిరపకాయ తుంచి ఎరగరు.

అంతలో హైమవతి ముక్కుపుడకే ఎర్రబడింది. కాసేపట్లో బండి వచ్చి వాకిట్లో ఆగింది.

"ముందు ఈమెను ఎక్కించండి," అంది హైమవతి.

డ్రైవరు తన చేతిలోని తెరను సైదమ్మ వైపు తిప్పి చూశాడు. "ఈమెకేం, గాలి బాగానే ఉందండి. మీరు ఎక్కండి."

సైదమ్మ దగ్గు ఆపుకుని, పక్కకు జరిగి ఆవిడకు దారిచ్చింది.