ఒక్క వారం సంగతి

“ఈ ఫారం ఒకరి తరఫున ఇంకొకరు నింపేది కాదండీ. ఎవరి మనసు సంగతి వాళ్లే చెప్పాలి,” అంది కౌన్సిలర్.

బస్సు డ్రైవర్ కుర్చీ అంచున కూర్చున్నాడు. డ్యూటీ దిగి తిన్నగా ఇక్కడికే వచ్చినట్టున్నాడు, యూనిఫాం కూడా మార్చుకోలేదు.

“మా కండక్టరు రాలేడమ్మా. వరసకేమీ కాడు గానీ బావా అని పిలుస్తాను. పొద్దస్తమానం ఒకే బండిలో ఉంటే తెలియదా? అడగండి, తెలిసినంత చెప్తాను.”

రమ్మంటే రానివాళ్లు ఆమెకి కొత్త కాదు. భార్యలు వస్తారు, అన్నలు వస్తారు. రావాల్సిన మనిషి మాత్రం గదిలో ముడుచుకుని ఉంటాడు. నిట్టూర్చి ప్రశ్నల కాగితం తీసింది.

“ఒక్క వారం గురించే చెప్పాలి.”

“ఆ వారమంతా కళ్లకి కట్టినట్టుందమ్మా.”

“దేనిమీదైనా ఉత్సాహం కనబడిందా?”

“లేదు. స్టాపుల పేర్లు పాటలా అరిచే మనిషి, నోరు మెదపలేదు. దిగాలి దిగాలి అని ప్యాసింజర్లే నన్ను కేకేశారు.”

“కంగారు? చేతులు వణకడం?”

“టికెట్లు చింపుతుంటే వణికాయి. టీలు ఎక్కువయ్యాయి బావా, అని ఎగతాళి చేశాను.”

“చిరాకు?”

“చిల్లర లేదన్న ముసలమ్మమీద విరుచుకుపడ్డాడు. తర్వాత వెళ్లి వెనక సీట్లో తల పట్టుకుని కూర్చున్నాడు.”

“బతుకుమీద విరక్తిగా ఏమైనా అన్నారా?”

డ్రైవర్ కిటికీవైపు తిరిగాడు.

“ఈ బండి ఎక్కడా ఆగకుండా పోతూనే ఉంటే బాగుండు బావా, అన్నాడు. డీజిల్ ఎవడు పోస్తాడు, అని నవ్వాను.”

పెన్ను ఆగిపోయింది. లెక్క కూడకముందే ఆమె కాగితం మీద ‘అత్యవసరం’ అని రాసింది.

“మార్కులు ఎక్కువే వస్తాయా అమ్మా?”

“చాలా ఎక్కువ.”

“అంటే, పక్కనున్నవాడికి తెలిసిపోయేంత?”

“తెలిసింది కాబట్టే కదా మీరొచ్చారు. మంచి పని చేశారు. ఆయన్ని ఒంటరిగా వదలకండి. ఎంత మొరాయించినా సరే, రేపు మీరే వెంటబెట్టుకు రండి. నేను మాట్లాడతాను.”

డ్రైవర్ లేచాడు. ఎటు వెళ్లాలో తెలియనట్టు తలుపువైపు చూశాడు. మళ్లీ ఆమెవైపు తిరిగాడు.

“నేను చెప్పింది బావ బతికున్న ఆఖరి వారం గురించమ్మా.”