కీ కనబడలేదు

"లైసెన్స్ కీ కనబడలేదు" అని మా మెకానిక్ షెడ్డులో కార్ల జబ్బు చెప్పే కంప్యూటర్ నాలుగోసారి చూపించింది.

మా అమ్మాయి వైరు మార్చింది. సాఫ్ట్‌వేర్ తీసేసి మళ్ళీ ఎక్కించింది. కంపెనీకి ఫోన్ చేస్తే, పెన్‌డ్రైవ్‌లా వేలెడంత ఉండే ఆ కీ కంప్యూటర్ వెనక గుచ్చి ఉందో లేదో చూడమన్నారు. లేదు. షెడ్డంతా వెతికింది. ఎక్కడా లేదు.

కారు ఓనరు మాటిమాటికీ గడియారం చూసుకుంటున్నాడు.

"నాన్నా, నువ్వోసారి చూస్తావా?" అంది చివరికి.

తను షెడ్డు చేపట్టిన ఈ రెండేళ్ళూ ఆ మాట కోసమే కాచుకుని ఉన్నాను. చొక్కా చేతులు మడిచి, పొడుగు స్క్రూడ్రైవర్ ఇంజనుకి ఆనించి, పిడి దగ్గర చెవి పెట్టి, కళ్ళు మూసుకున్నాను. ముప్ఫై ఏళ్ళు చెవితోనే రోగం కనిపెట్టినవాణ్ణి కదా! ఇంజను గొడవ ఇంజనుదే. నాకొక్క ముక్క అర్థం కాలేదు. పరువు పోతుందని ఏదో వైరు కదిపాను. ఆడుతున్న ఇంజను కాస్తా ఆగిపోయింది.

"పోనీలే నాన్నా," అంటూ అమ్మాయి ఓనరుని బయటికి తీసుకెళ్తూ గుమ్మంలో ఆగింది. "మేం టీ తాగొస్తాం. ఈలోపు ఆ కీ దాని చోటికి అదే వచ్చేస్తుందిలే."

వాళ్ళు వెళ్ళాక కీని చొక్కా జేబులోంచి తీశాను.

ముప్ఫై ఏళ్ళ మెకానిక్‌ని. దాన్ని ఏ వైపు తిప్పి గుచ్చాలో తెలియడానికి మూడుసార్లు పట్టింది.