మేరీమాతకు ప్రదక్షిణలు

"టీసీ ఇచ్చేయండి సిస్టర్. సర్కారు జీతాలిచ్చే బడిలో పిల్లకి సిలువ గుర్తు వేసుకోవడం నేర్పుతారా? పొద్దున మా వెంకటేశ్వరస్వామి పటం ముందే వేసుకుంది!"

చిక్కడపల్లి నుంచి నడిచొచ్చిన ఆయాసంతో అన్నాను.

హెడ్‌మిస్ట్రెస్ సిస్టర్ ఫిలోమినా తల పట్టుకుంది.

"మీ లాస్యతోని మేమే పరేషాన్ అయితున్నమమ్మా. జర కిటికీల నుంచి చూడుండ్రి."

చూశాను. తోటలో మేరీమాత నుదుట ఇంత కుంకుమ బొట్టు. మూడో తరగతి చదివే నా మనవరాలు ఆమె చుట్టూ ప్రదక్షిణలు చేస్తోంది. వెనకాల క్లాసంతా వరస కట్టింది.

"ఆపనీకి పోయిన డ్రిల్లు సారు గూడ తిరుగుతున్నడు! ఏందమ్మా ఇది అంటే, మొక్కు అన్నది."

"ఏం మొక్కు?"

"నాన్నమ్మ టీసీ తీస్కపోవద్దని. దోస్తులను ఇడిచి ఉండదంట."

విడిపోవడమంటే ఏమిటో నాకు తెలుసు. ఎంతమందిని సాగనంపానో! కుర్చీలో కూలబడ్డాను. టీసీ కోసం రాసి తెచ్చిన కాగితం మడిచి సంచిలో పెట్టేశాను.

"మీరన్నా చెప్పి ఆపుండ్రి. ఫస్ట్ పీరియడ్ మొత్తం పోయింది," అంది సిస్టర్.

"అయ్యో, మొక్కు మధ్యలో ఆపకూడదండీ. పూర్తి కానివ్వండి. కాకపోతే, ఆ డ్రిల్లు మాస్టారిని బూట్లు విప్పి తిరగమనండి!"